గేమ్‌కి మైకు పట్టుకుంటానంటున్న పర్లాకిమిడి కుర్రాడు

ప్రశ్న: మాది పర్లాకిమిడి. మా ఆయనకి చిన్న ఫ్యాన్సీ షాపు ఉంది. మా గుంటడికి పదిహేడేళ్లు, ప్లస్ టూ సెకండియర్ సైన్స్. ఇంట్లో తెలుగు, కాలేజీలో ఒడియా, హిందీ కూడా తడుముకోకుండా మాట్లాడతాడు. రాత్రి పదకొండైతే చాలు, గది తలుపేసుకుని ఫోన్లో గేమ్ పెట్టి తెలుగులో కామెంటరీ చెప్తాడు, యూట్యూబ్‌లో లైవ్. సబ్‌స్క్రైబర్లు 380 మంది. 'ఆడటం కాదమ్మా, టోర్నమెంట్లకి హోస్ట్ అవుతాను, ఫోన్ల రివ్యూలు చేస్తాను' అంటాడు. అరవై వేలు పెట్టి కంప్యూటర్ కొనమని పట్టు పట్టాడు. వాళ్ల నాన్న 'అది జూదం' అని అంతెత్తున లేచారు. కిందటి వారం ఎవరో మెసేజ్ పెట్టి, ఒక యాప్ గురించి వీడియోలో చెప్తే ఎనిమిది వేలు ఇస్తామన్నారట. కామెంట్లలోనేమో 'నీది తెలుగా, ఒడియానా' అని వెక్కిరింపులు. ఆ మెసేజూ, వాడి వీడియో లింకూ పంపుతున్నాను. అసలిది ఉద్యోగమేనా? డబ్బు ఎప్పుడొస్తుంది? ఒప్పుకోమంటారా?

జవాబు: అమ్మా, ముందు ఆ ఎనిమిది వేల సంగతి తేల్చేద్దాం. మిగతావన్నీ నెల ఆగినా పరవాలేదు, అది ఈ రాత్రే తేలాలి. మీరు పంపిన మెసేజ్ చూశాను. 'వంద వేస్తే వెయ్యి గెలుచుకోండి' అని ఉంది. అంటే డబ్బు పెట్టి ఆడే ఆట. 2025 ఆగస్టులో పార్లమెంటు ఆమోదించిన ఆన్‌లైన్ గేమింగ్ చట్టం ఇలాంటివాటిని నడపడమే కాదు, ప్రచారం చేయడాన్నీ నేరం చేసింది. ప్రచారం చేసినవాళ్లకి రెండేళ్ల వరకు జైలు, 50 లక్షల వరకు జరిమానా పడొచ్చు. అంతకుముందే తెలంగాణ 2017లో, ఆంధ్రప్రదేశ్ 2020లో పందెపు ఆన్‌లైన్ ఆటల్ని నిషేధించాయి. మీ వాడి వీడియోలు చూసేది ఎక్కువగా ఆ రెండు రాష్ట్రాలవాళ్లే కదా. 2025 మార్చిలో హైదరాబాదు పోలీసులు బెట్టింగ్ యాప్‌లకి ప్రచారం చేశారని సినిమావాళ్ల మీద, యూట్యూబర్ల మీద కేసులు పెట్టినప్పుడు 'మాకు తెలీదు' అన్నవాళ్లు చాలామందే. జవాబు కూడా రాయొద్దనండి. బ్లాక్ చేసేస్తే సరిపోతుంది.

అదే చట్టం ఈ-స్పోర్ట్స్‌ని, అంటే పందెం లేని వీడియో గేమ్ పోటీల్ని, వేరే గట్టున పెట్టి, ప్రోత్సహించాలనే చెప్పింది. 2022 డిసెంబరులోనే కేంద్రం దాన్ని క్రీడల శాఖ కిందికి తెచ్చింది. 2023లో హాంగ్‌జౌలో జరిగిన ఆసియా క్రీడల్లో పతకాలిచ్చారు కూడా. 'అది జూదం' అని మీ ఆయన అంటున్నారని రాశారు కదా, ఈ తేడా ఆయనకి చెప్పండి. మీ వాడు చెప్పే ఆట జూదం కాదు. మెసేజ్ పెట్టినవాడిది మాత్రం అచ్చంగా జూదమే.

ఇక అసలు సంగతి. మీరు పంపిన లింకు తెరిచి నలభై నిమిషాలు విన్నాను. మొదటి పది నిమిషాల్లో కాగితం మీద గీతలు పెడుతూ కూర్చుంటే 'గైస్' అన్న మాట 61 సార్లు వచ్చింది. 'ఎనిమీ ఉన్నాడు గైస్, కొడతాడు గైస్, కొట్టేశాడు గైస్.' అవన్నీ తెర మీద నాకూ కనబడుతున్నాయి, చెప్పక్కర్లేదు. లింకు మూసేద్దామనుకుంటున్నాను, ఇంతలో ఎవడో వెనక నుంచి వచ్చినట్టున్నాడు, మీ వాడు ఒళ్లు మరిచిపోయి అరిచాడు: 'ఒరే, ఎనక్కి సూడరా, గోడెక్కీసినాడు!' నేను కుర్చీలో ముందుకి జరిగాను. ఆ ఒక్క ముక్క కోసమే ఇంత పొడుగు జవాబు రాస్తున్నాను.

ఆ 'ఎక్కీసినాడు'నే కామెంట్లలో వెక్కిరిస్తున్నారు. వెక్కిరించనివ్వండి. పుస్తకాల్లో తెలుగు వేరు, నోట్లో తెలుగు వేరు ఎందుకుండాలని దెబ్బలాడిన గిడుగు రామమూర్తి పంతులుగారు పాఠాలు చెప్పింది మీ ఊళ్లోనే. సవర భాష నేర్చుకుని దానికి నిఘంటువు కట్టిందీ అక్కడి కొండల పరిచయంతోనే. 1936లో ఒడిశా ఏర్పడి పర్లాకిమిడి అటు పోయినప్పుడు ఆయన ఊరు వదిలి రాజమండ్రి వెళ్లిపోయారు. మీరంతా అక్కడే ఉండిపోయారు, ఆ తెలుగూ మీతోనే ఉంది. మీ వాడు హైదరాబాదు యాంకర్ల గొంతు అరువు తెచ్చుకున్నప్పుడు వందమందిలో ఒకడిలా వినిపిస్తున్నాడు. సొంత గొంతు విప్పినప్పుడే వాడెవడో తెలుస్తోంది. పైగా తెలుగు, ఒడియా, హిందీ మూడూ తడుముకోకుండా మాట్లాడతాడని రాశారు. బరంపురం కుర్రాణ్ని ఒడియాలో ఇంటర్వ్యూ చేసి, ఆ వెంటనే తెలుగులో చూసేవాళ్లకి చెప్పగలిగేవాడు హైదరాబాదులో అంత తేలిగ్గా దొరకడు. క్రికెట్‌కి 2018 డిసెంబరులో స్టార్ స్పోర్ట్స్ తెలుగు ఛానెల్ పెట్టుకుంది ఎందుకు? ఆట ఏదైనా మన మాటలో వింటే జనం కూర్చుంటారని.

హోస్ట్ అంటే ఏమిటో మీ వాడికే సగం తెలిసినట్టు లేదు. టోర్నమెంటు ప్రసారంలో మాట్లాడేవాళ్లు మూడు రకాలు. ఆట నడుస్తుంటే వెంటాడి చెప్పేవాడు ఒకడు, వాణ్ని ప్లే-బై-ప్లే కాస్టర్ అంటారు. పక్కనే కూర్చుని ఎందుకలా జరిగిందో విడమర్చేవాడు అనలిస్ట్. ఆటల మధ్య విరామంలో డెస్క్ దగ్గర కూర్చుని, ఆటగాళ్లతో మాట్లాడి, స్పాన్సర్ పేరు చదివి, మళ్లీ ఆటకి అప్పగించేవాడు హోస్ట్. వీళ్లెవరికీ తెర మీద ఏం చూపించాలో నిర్ణయించే అధికారం లేదు. ఆటలోని కెమెరా తిప్పేవాడు అబ్జర్వర్, వాడు వేరే.

బీజీఎంఐ అని, పబ్జీ బదులు వచ్చిన తుపాకుల ఆట ఉంది. దాని పెద్ద టోర్నమెంట్లో 16 జట్లు, 64 మంది ఒకేసారి దిగుతారు. తెర ఒకటే. గెలిచిన జట్టుకి 10 పాయింట్లు, ఒక్కో ఫినిష్‌కి, అంటే ఎదుటివాణ్ని ఆట నుంచి పడగొట్టినందుకు, 1. ఆట మొదట్లో చాలాసేపు ఎవరూ ఎవర్నీ కొట్టరు, ఇళ్లల్లో దూరి తుపాకులు ఏరుకుంటారు. కాస్టర్ సత్తా అక్కడే బయటపడుతుంది. పోరు జరిగేటప్పుడు ఎవడైనా అరవగలడు. ఏమీ జరగనప్పుడు ఏ జట్టు ఎక్కడ దిగింది, పైజట్టుని దాటాలంటే వీళ్లకి ఇంకా ఎన్ని కావాలి, ఆడే చోటుకి హద్దుగా ఉండే వలయం ఎటు కుంచించుకుపోతోంది అని వేళ్ల మీద లెక్క కడుతూ వినేవాణ్ని కదలనీయకుండా పట్టుకోవాలి. మీ వాడు ఆ వేళప్పుడు 'లైక్ కొట్టండి గైస్' అంటున్నాడు.

అందుకని కంప్యూటర్ కన్నా ముందు ఒక పని చెప్పండి. అయిపోయిన టోర్నమెంటు వీడియో ఏదైనా యూట్యూబ్‌లో పెట్టుకుని, శబ్దం పూర్తిగా తీసేసి, పదిహేను నిమిషాలు తనే కామెంటరీ చెప్పి ఫోన్లో రికార్డు చేయాలి. మర్నాడు పొద్దున్న తెర చూడకుండా ఒట్టి గొంతు వినాలి. చూడకపోయినా ఆట అర్థమైతే పాసు. 'గైస్', 'సో', 'అంటే' ఎన్నిసార్లు వచ్చాయో గీతలు పెట్టుకోమనండి. ఒక ఉదాహరణ ఇస్తాను. 'ఎనిమీ బిల్డింగ్‌లో ఉన్నాడు గైస్, గ్రెనేడ్ వేశాడు గైస్' బదులు, 'మేడ మీద ఇద్దరు, మెట్ల కింద ఒక్కడు. ఆ ఒక్కడి చేతిలో గ్రెనేడ్ ఉందని మేడ మీదోళ్లకి తెలీదు' అంటే? వినేవాడి ఊపిరి అక్కడే ఆగుతుంది. తర్వాత ఒక క్షణం మాట్లాడకుండా ఉండటం కూడా నేర్చుకోవాలి, అది అన్నింటికన్నా కష్టం. కాలేజీ రోజుల్లో నేనూ రేడియో ఆడిషన్‌కి వెళ్లాను. మూడు నిమిషాల కాగితం ఒకటిన్నర నిమిషంలో చదివి పారేశాను. ఊపిరి పీల్చుకోవడానికి కూడా ఆగలేదు. నన్ను తీసుకోకపోవడం న్యాయమే.

ఇంకో బడి మీ చుట్టుపక్కలే ఉంది. సంక్రాంతికి పాతపట్నం వైపు, మీ వైపు ఊళ్లల్లో టెన్నిస్ బాల్ క్రికెట్ టోర్నమెంట్లు జరుగుతాయి, టెంటు కింద మైకు పట్టుకుని ఒకాయన పొద్దున్నించి సాయంత్రం దాకా మాట్లాడుతూనే ఉంటాడు. ఇప్పుడు వాటిల్లో చాలావాటిని యూట్యూబ్‌లో లైవ్ ఇస్తున్నారు. మీ వాణ్ని వెళ్లి రెండు ఓవర్లు మైకు అడగమనండి. ఎండలో, ఎదురుగా జనం ఉండగా, చందా ఇచ్చినవాళ్ల పేర్లు తప్పు పోకుండా చదువుతూ ఆట చెప్పడం ఎంత కష్టమో ఒక్క రోజులో తెలిసొస్తుంది. డెస్క్ హోస్ట్ చేసేది అదే, ఏసీ గదిలో. మీ ఊళ్లో సెంచూరియన్, గుణుపూర్‌లో గైట్ లాంటి యూనివర్సిటీలున్నాయి. ఫెస్టుల్లో పిల్లలు గేమింగ్ పోటీ పెట్టుకుంటే మైకు పట్టుకునేవాడు కావాలి. మొదట్లో ఊరికే చేసినా నష్టం లేదు, రికార్డింగ్ మాత్రం అడిగి తెచ్చుకోవాలి. రేపు ఎవరైనా పనివ్వాలంటే వినేది మంచి ముక్కలు ఏరి కూర్చిన మూడు నిమిషాల షో రీలే, మార్కుల షీటు కాదు.

ఒక్క గేమ్‌నే నమ్ముకోకూడదు. పబ్జీని 2020 సెప్టెంబరులో నిషేధించారు. దాని బదులు వచ్చిన బీజీఎంఐ 2022 జులైలో స్టోర్ల నుంచి మాయమై మళ్లీ 2023 మేలో గానీ రాలేదు. ఫ్రీ ఫైర్ 2022 ఫిబ్రవరిలో పోయింది. ఒక్కో ఆట పోయినప్పుడల్లా దాని పేరే ఛానెల్ పేరుగా పెట్టుకున్నవాళ్లు రాత్రికి రాత్రి ఖాళీ అయిపోయారు. మాట వచ్చినవాడు క్రికెట్‌కో కబడ్డీకో మారిపోయాడు.

ఫోన్ల రివ్యూ సంగతి. స్పెసిఫికేషన్లు చదివే ఛానెళ్లు తెలుగులో కోకొల్లలు. మీ ఊళ్లో జనానికి కావలసింది వేరు. కరెంటు పోయిన రోజు బ్యాటరీ ఎంతసేపు వస్తుంది? మహేంద్రగిరి వైపు వెళ్తే ఏ సిమ్‌కి సిగ్నల్ ఉంటుంది? ఒకే ఫోన్లో తెలుగు, ఒడియా కీబోర్డులు ఇబ్బంది లేకుండా మారుతున్నాయా? పాడైతే సర్వీస్ సెంటర్‌కి బరంపురం పోవాలా, శ్రీకాకుళమా? ఇవి చెప్పేవాడు లేడు. మీ షాపు పక్కన సెల్ రిపేరు కొట్టు ఉంటే అక్కడ నెల్లాళ్లు కూర్చుంటే చాలు, ఏ ఫోన్లో ఏది ముందు పోతుందో తెలుస్తుంది. ఏ రోజైనా కంపెనీ ఫోన్ ఊరికే ఇస్తే ఆ మాట వీడియోలోనే చెప్పాలి, వినియోగదారుల చట్టం కింద అది తప్పనిసరి. ఏడాదిలో అలా వచ్చినవాటి విలువ 20,000 దాటితే 10 శాతం టీడీఎస్ (ముందే పట్టుకునే పన్ను) కూడా ఉంటుంది. 'ఫ్రీ' అంటే పూర్తిగా ఫ్రీ కాదు.

డబ్బు ఎప్పుడొస్తుందని అడిగారు. మీ వాడు పెట్టేలాంటి పొడుగు వీడియోలతో యూట్యూబ్ ప్రకటనల్లో వాటా రావాలంటే 1,000 మంది సబ్‌స్క్రైబర్లు, ఏడాదిలో 4,000 గంటల వీక్షణ ఉండాలి. పద్దెనిమిది నిండేదాకా డబ్బు ఖాతా మీ ఇద్దరిలో ఒకరి పేరు మీదే కలపాలి. అది వచ్చినా మొదట్లో మొబైల్ రీఛార్జికి సరిపోతే గొప్పే. టోర్నమెంట్లకి కాస్టర్లని రోజు లెక్కన పిలుస్తారు. పని అయిన నెలకో రెండు నెలలకో గానీ డబ్బు చేతికి రాదు. పెద్ద సీజన్ ఉంటే వరసగా పని, లేకపోతే రెండు నెలలు ఖాళీ. పెళ్లి బ్యాండు మేళంవాళ్ల బతుకులాంటిదే ఇది. మీ ఆయన భయంలో నిజం లేకపోలేదు.

అందుకే డిగ్రీ మానొద్దు. ఇంజినీరింగే కావాలని లేదు, మీ ఊళ్లో గజపతి కాలేజీలో డిగ్రీ చేసినా చాలు. తర్వాత బరంపురం యూనివర్సిటీలో జర్నలిజం పీజీ ఉంది, ఢెంకనాల్‌లో జర్నలిజం నేర్పే ఐఐఎంసీ ఉంది. ఈలోగా ఓబీఎస్ అనే ప్రసారపు సాఫ్ట్‌వేర్ నేర్చుకోమనండి, అది ఉచితం, కాలేజీ ల్యాబు కంప్యూటర్లోనైనా చూడొచ్చు. మైకు ముందు కుర్చీలు తక్కువ. వెనకాల ఎడిటింగ్‌కి, గ్రాఫిక్స్‌కి, అబ్జర్వర్ పనికి మనుషులు ఎక్కువ కావాలి. నేను చూసినంతలో మైకు దాకా చేరినవాళ్లు చాలామంది ఆ వెనక గుమ్మం నుంచే లోపలికొచ్చారు.

అరవై వేలు ఇప్పుడు వద్దు. ప్లస్ టూ పరీక్షలయ్యాక మూడు నాలుగు వేల లోపు డైనమిక్ మైకు ఒకటి కొనండి. కండెన్సర్ మైకు వద్దు, అది ఫ్యాన్ చప్పుడు, వీధిలో బండి హారన్ అన్నీ పట్టుకుంటుంది. నోటికి బెత్తెడు దూరంలో పెట్టుకుని మాట్లాడాలి. పరీక్షల దాకా లైవ్ వారానికి ఒక్కసారి, శనివారం, అదీ రాత్రి తొమ్మిదికల్లా ముగించాలి. 2023లో తిరిగి వచ్చినప్పుడు బీజీఎంఐ పద్దెనిమిది లోపు పిల్లలకి రోజుకి మూడు గంటలే ఇచ్చింది, మీరు పెట్టే గడువు అంతకన్నా తక్కువే ఉండాలి. పరీక్షలయ్యాక ఏడాది గడువివ్వండి. ఆ ఏడాదిలో బయటివాళ్లు పిలిచి మైకు ఇచ్చిన సందర్భాలు కనీసం పది ఉంటే, అప్పుడు కంప్యూటర్ మాట మాట్లాడదాం. సబ్‌స్క్రైబర్ల లెక్క నాకు అక్కర్లేదు.

మీ ఆయన చేత మాత్రం ఒక పని చేయించండి. కొడుకు పదిహేను నిమిషాల రికార్డింగ్ షాపులో కూర్చుని తెర లేకుండా ఒక్కసారి వినమనండి. ఆటేమిటో ఆయనకి తెలీదు, అందుకే ఆయనకన్నా మంచి పరీక్షకుడు ఉండడు. ఎక్కడ ఆసక్తి పోయిందో అక్కడ నిమిషం రాసిపెట్టమనండి. ఆ చీటీ, రికార్డింగ్ రెండూ నాకు పంపండి. రికార్డు చేసేటప్పుడు గదిలో ఫ్యాను ఆపమని వాడికి చెప్పండి, మొన్నటిదాంట్లో సగం మాటలు దానికే పోయాయి.