పెట్టకి ఈకలు రాలుతున్నాయి, గుడ్లు ఆపేసింది, రోగమేమో అని అడిగిన అన్నకి

అన్నా, రెండేళ్ళ నాటుపెట్ట, అక్టోబర్‌లో మెడ దగ్గర మొదలై ఒళ్ళంతా ఈకలు రాలుతున్నాయి, పది రోజులుగా గుడ్డు లేదు, మేత మాత్రం బాగానే తింటాంది అని రాశారు కదా, నాకైతే ఇది రోగంలా అనిపించట్లా. ఏడాదికోసారి పాత ఈకలు రాల్చి కొత్తవి వేసుకుంటాయి, మోల్టింగ్ అంటారు.

మాది కావలి దగ్గర పల్లె. మొదటిసారి నేనూ ఇట్లాగే హడలిపోయా, పొద్దున గంప ఎత్తితే కింద దిండు చింపి పోసినట్టు ఈకలు! షాపులో అడిగితే పేలు అని ఏదో పౌడర్ ఇచ్చారు, అది రుద్దుదామని పట్టుకుంటే కోడి అరిచిన అరుపుకి పిల్లి పట్టిందేమో అని పక్కింటి అత్త గోడ మీద నుంచి తొంగి చూసింది. తర్వాత తెలిసింది ఏందంటే, కొత్తగా మొలిచే ఈక కాడలో రక్తం ఉంటది, నొక్కితే నొప్పి, విరిగితే రక్తం కారుద్ది. అందుకే ఈ టైంలో అస్తమానం పట్టుకోవద్దు.

ఒక్కసారి మాత్రం ఎండలోకి తెచ్చి మెడ దగ్గర మెల్లిగా విడదీసి చూడండి. కొత్త ఈకలు నీలంగా ముళ్ళలాగా పొడుచుకొచ్చి, కొన్నిటి కొస పగిలి చిన్న బ్రష్షులా కనపడితే ఇక దిగులు లేదు. ముళ్ళు లేకుండా ఒట్టి చర్మమే ఉంటే వేరే కారణం వెతకాలి. వీపు మీద మాత్రమే బోడి అయితే అది పుంజు ఎక్కి తొక్కిన పని. కోడి వెనక గుడ్డు బయటికొచ్చే చోటు చుట్టూ ఈకల మొదట్లో తెల్లగా గడ్డకట్టినట్టుంటే పేల గుడ్లు. పొట్ట కింద మాత్రమే పోయి, గంప వదలకుండా కూర్చుంటే పొదుగుకొచ్చినట్టు, అదే పీక్కుంటది.

అక్టోబర్‌లోనే ఎందుకంటే పగలు తగ్గుతా వస్తది కాబట్టి. మనకి జూన్‌లో దాదాపు 13 గంటలుండే పగలు డిసెంబర్‌కి 11 గంటల పైచిల్లరకి పడిపోద్ది, ఆ తేడా కోడికి తెలుస్తది. ఈకలో 85 శాతం దాకా ప్రోటీనే, అందుకే ఉన్న బలమంతా ఈకలకే పోయి గుడ్లు ఆగిపోతాయి. ఒట్టి నూకలు, తవుడుతో సరిపోదు. నేను చెనిక్కాయ చెక్క నానబెట్టి పెడతా, సంతలో దొరికే ఎండు రొయ్యపొట్టు ఉప్పు పోయేదాకా కడిగి గుప్పెడు కలుపుతా, అది చూస్తే మిగతా కోళ్ళు కూడా మీద పడతాయి అనుకోండి. మామూలుగా 8 నుంచి 12 వారాలు పడుద్ది. పైగా మనకి వానలు సరిగ్గా ఇప్పుడే, ఒంటి మీద ఈకలేని కోడి తడిస్తే వణికిపోద్ది, గూడు మీద పట్టా కప్పి కింద పొడి గోనెసంచి వెయ్యండి.

మీకు పుంజు ఉందో లేదో రాయలేదు, అది కూడా చెప్పండి. మేత మానేసి మూలన ముడుచుకున్నా, పచ్చగా పారుకుంటున్నా, మెడ తిప్పుతున్నా అది కొక్కెర తెగులు కావచ్చు, మిగతావాటికి దూరంగా పెట్టి అదే రోజు పశువుల ఆస్పత్రిలో చెప్పండి.