కొటియా గ్రామాలు ఆంధ్రావా, ఒడిశావా?

ఈ ప్రశ్నకు తుది జవాబు ఇంకా రాలేదు. ఆంధ్రలోని సాలూరుకూ ఒడిశాలోని పొట్టంగికీ నడుమ కొండల్లో ఉన్న ఈ 20కి పైగా పల్లెలను, 1936లో ఒడిశా ప్రత్యేక ప్రావిన్సుగా ఏర్పడిన తరువాత జరిగిన సర్వేలు లెక్కలోకి తీసుకోకపోవడమే వివాదానికి మూలం. 1968లో ఒడిశా సుప్రీంకోర్టుకు వెళ్లింది; దాదాపు నాలుగు దశాబ్దాల తరువాత, 2006లో, యథాతథ స్థితి అన్న మాటే మిగిలింది. 2021 ఫిబ్రవరిలో ఆంధ్రప్రదేశ్ ఇక్కడ పంచాయతీ ఎన్నికలు జరపడంతో గొడవ మళ్లీ కోర్టుకెక్కింది.

ఇక్కడ ఎక్కువ మంది కొండ దొరలు, కువి మాట్లాడే కోందులు వంటి గిరిజనులు. సరిహద్దు గీయకముందు నుంచీ ఈ కొండవాలులో చోళ్లు (రాగులు) పండించుకుంటున్న వారి ఇళ్లలో నేడు రెండు రాష్ట్రాల రేషన్ కార్డులూ, రెండు ఓటరు కార్డులూ కనిపిస్తాయి. దాన్ని మోసంగా చూడటం, నా దృష్టిలో, అన్యాయం. ఆ కార్డులు ఇచ్చినవి ప్రభుత్వాలే.