టెక్ సందేహాలు: ‘చిలక ఓడ’ ఫొటో దొరుకుతుందా?

మా ముత్తాత 1930ల్లో గోపాల్‌పూర్‌లో ‘చిలక ఓడ’ ఎక్కి రంగం (బర్మాలోని రంగూన్) వెళ్లాడని నాయనమ్మ చెప్పేది. ఆ ఓడ ఫొటో కోసం నెట్‌లో ఎంత వెతికినా దొరకలేదు. ఎక్కడ చూడాలి సార్?
– ఒక పాఠకుడు, బరంపురం

మీరు గూగుల్‌లో ‘గోపాల్‌పూర్ పాత ఓడ’ అని కొట్టి ఉంటారు. నేనూ ఒకప్పుడు అదే కొట్టాను. బీచ్ రిసార్టులు, లైట్‌హౌస్ ముందు సెల్ఫీలు వచ్చాయి గానీ ఓడ రాలేదు. ఊరి పేరుతో కాదు, ఓడ పేరుతో వెతకాలని అర్థమయ్యేసరికి చాలా రాత్రులు గడిచిపోయాయి.

ముందు ఆ చిలక సంగతి చూద్దాం. బంగాళాఖాతం మీద రంగూన్‌కు జనాన్ని చేరవేసిన పెద్ద కంపెనీ బ్రిటిష్ ఇండియా స్టీమ్ నావిగేషన్. పాత కాగితాల్లో బి.ఐ. అని ఉంటుంది. 1856లో వేరే పేరుతో మొదలై 1862లో ఈ పేరు పెట్టుకుంది. తన ఓడలు చాలావాటికి మన దేశంలోని చోట్ల పేర్లే పెట్టింది. వాటిలో ‘చిల్కా’ ఒకటి. మన చిలికా సరస్సు పేరే! నాయనమ్మ నోట అది చిలకైపోయి ఉండొచ్చు. ఆ ఓడను 1922లో కట్టారు. 1942లో జపాన్ జలాంతర్గామి దాడిలో మునిగిపోయింది. మీ ముత్తాత వెళ్లిన కాలం ఈ రెండింటి మధ్యే ఉంది. అయినా అంతమాత్రాన అదే ఓడ అని ఖాయం చేసుకోకండి. ఇంట్లో రంగం నుంచి వచ్చిన ఉత్తరమో, మనియార్డరు రసీదో ఉంటే తేదీ చూసి పెట్టుకోండి.

ఒట్టి ‘చిల్కా’ అని వెతికితే సరస్సు, పక్షులే వస్తాయి. పేరుకు ముందు ఎస్.ఎస్. (స్టీమ్‌షిప్), వెనక 1922 చేర్చి ఇంగ్లీషులో కొట్టండి. సంవత్సరం తప్పనిసరి. ఎందుకంటే పాత ఓడ పోతే అదే పేరు కొత్తదానికి పెట్టడం ఈ కంపెనీకి అలవాటు. 1931లో కట్టిన ‘కరంజా’ యుద్ధంలో మునిగితే 1948లో మళ్లీ ఇంకో ‘కరంజా’ వచ్చింది. సంవత్సరం చూసుకోకపోతే ఒకదాని ఫొటో ఇంకోదాని పేరుతో ఫ్రేము కట్టించుకుంటారు.

ఇక ఎక్కడ వెతకాలంటే, గోపాల్‌పూర్‌లో స్టీమరు ఒడ్డు దాకా వచ్చేది కాదు. దూరంగా లంగరేస్తే మసూలా పడవల్లో కెరటాలు దాటించి జనాన్ని ఎక్కించేవారు. ఆ పడవలు నడిపింది ఒడియావాళ్లు నోలియాలని పిలిచే మన తెలుగు జాలర్లే. అక్కడ ఓడకు ఎదురుగా కెమెరా పెట్టుకుని నిలబడే అవకాశం ఎవరికి ఉంటుంది? ఫొటోలు ఎక్కువగా తీసింది ఓడ కట్టిన చోట, లేదా పెద్ద రేవుల్లో. అందుకే రంగం ఓడ ఫొటో మెల్‌బోర్న్‌లో దొరికినా ఆశ్చర్యపోను. అక్కడి స్టేట్ లైబ్రరీ ఆఫ్ విక్టోరియాలో అలన్ గ్రీన్ అనే ఆయన తీసిన, సేకరించిన ఓడల ఫొటోలు బోలెడు ఉన్నాయి, ఉచితంగా చూడొచ్చు. ఆస్ట్రేలియా జాతీయ గ్రంథాలయం నడిపే ట్రోవ్‌లో ఒక్కసారి వెతికితే ఇలాంటి లైబ్రరీలన్నీ కలిసి వస్తాయి. ఓడ ఎవరు కట్టారో, ఎప్పుడు కట్టారో తెలియకపోతే ముందు స్కాటిష్ బిల్ట్ షిప్స్ డేటాబేస్ చూడండి. బి.ఐ. ఓడలు చాలావరకు స్కాట్లండ్‌లో తయారైనవే. గ్రీన్‌విచ్‌లోని నేషనల్ మారిటైమ్ మ్యూజియం సైటు కూడా వదలొద్దు.

రేవు గురించి కూడా వెతకాలనుకుంటే పాత స్పెల్లింగులు వాడండి. గోపాల్‌పూర్ చివర పి యు ఆర్ బదులు పి ఓ ఆర్ ఇ అని కొట్టి చూడండి. పక్కన ఒడిశా అని కాకుండా గంజాం, మద్రాస్ అని చేర్చండి. 1936 ఏప్రిల్ 1 దాకా మనం మద్రాసు ప్రెసిడెన్సీలోనే కదా ఉన్నాం! బరంపురానికి ఇంకో తిప్పలు ఉంది. బెంగాల్‌లోనూ ఒక బరంపురం ఉంది కాబట్టి, గంజాం అనకపోతే ముర్షిదాబాద్ ఫొటోలన్నీ మీ నెత్తిన పడతాయి.

దొరికిన ఫొటోలో పొగగొట్టం చూడండి. నల్ల గొట్టం మీద దగ్గర దగ్గరగా రెండు తెల్ల పట్టీలుంటే అది బి.ఐ. గుర్తు.

పాత ఓడ ఫొటోను ఏఐ యాప్‌లో వేస్తే అద్భుతంగా వచ్చింది. కానీ ఓడ మీద పేరు మారిపోయింది. ఎందుకు?
– పర్లాకిమిడి

మారిపోలేదండీ, యాప్ కల్పించింది. మసగ్గా ఉన్నచోట ఏముండొచ్చో ఊహించి గీయడమే దాని పని. అక్షరాలు, పట్టీలు, కిటికీల లెక్క, దేన్నీ నమ్మొద్దు. గోడకు తగిలించుకోవడానికి బాగానే ఉంటుంది, ఓడను గుర్తుపట్టడానికి మాత్రం అసలు ఫొటోనే కావాలి. దాన్ని 600 డీపీఐలో స్కాన్ చేయించి విడిగా దాచండి. ఏఐ బొమ్మను చుట్టాల గ్రూపులో పెట్టేటప్పుడు ఆ మాట కింద రాయండి, లేకపోతే రేపు అదే అసలు ఫొటో అయిపోతుంది.

లైబ్రరీ సైటు నుంచి దింపిన టిఫ్ ఫైలు ఫోన్‌లో తెరుచుకోవడం లేదు.
– రాయగడ

కంప్యూటర్లో ఇర్ఫాన్‌వ్యూ అనే ఫొటోలు చూసే సాఫ్ట్‌వేర్‌తో తెరిచి జేపెగ్‌గా సేవ్ చేసుకోండి. ఊరికే చూడటానికైతే దింపుకోవడం ఎందుకు, సైటులోనే జూమ్ చేసుకోవచ్చు. డేటా ప్యాక్ మిగులుతుంది.