కమిషనర్ మారినా బాకీ పురపాలక సంఘానిదే

ప్రశ్న: మాది ఫినాయిల్ తయారుచేసే చిన్న యూనిట్. చిన్న సంస్థలకు కేంద్రం ఇచ్చే ఉద్యమ్ రిజిస్ట్రేషన్ మొదటినుంచీ ఉంది. మా పురపాలక సంఘానికి ఆర్డరు మీద సరుకు ఇచ్చి రెండేళ్ల నాలుగు నెలలైంది. 6,84,000 రూపాయలు రావాలి. ఎప్పుడు అడిగినా ‘నిధులు రాగానే చూద్దాం’ అంటున్నారు. కొత్త కమిషనర్ గారు అది తన హయాంలో కొన్న సరుకు కాదంటున్నారు. కేసు వేస్తే ఇక ఆర్డర్లు రావని మావారి భయం. ఏం చేయాలి?
— ఒక పాఠకురాలు

జవాబు: అమ్మా, మీ ఉత్తరంలో నన్ను కలవరపెట్టింది బాకీ మొత్తం కాదు, గడిచిపోయిన కాలం. గడువు ప్రత్యేకంగా రాసుకోకపోతే, సరుకు అప్పగించిన తేదీ నుంచి మూడేళ్లలోపు దావా వేయాలి. అంటే మీకు ఇంకా ఎనిమిది నెలలే ఉన్నాయి. నోటిమాట హామీలు ఎన్ని ఇచ్చినా ఆ గడువు ఒక్క రోజు కూడా పెరగదు. సరఫరాదారులు నష్టపోయేది ఎక్కువగా ఇక్కడే. ఆఫీసులో మర్యాదగా మాట్లాడి కుర్చీ వేసి కూర్చోబెడితే డబ్బు వచ్చేస్తుందనుకుంటారు.

అందుకే ముందు బాకీని కాగితం మీదికి తెండి. ఆర్డరు నంబరు, ఇన్‌వాయిస్ తేదీ, మొత్తం రాసి కమిషనర్ పేరిట లేఖ ఇవ్వండి. మీ కాపీ మీద ముద్ర, ఇన్‌వర్డ్ నంబరు వేయించుకోకుండా బయటికి రావద్దు. దానికి సంతకంతో జవాబు వస్తే మీకు పెద్ద బలం. ‘బిల్లు పెండింగ్‌లో ఉంది, ఇప్పుడు చెల్లించలేం’ అని రాసినా చట్టం దృష్టిలో అది బాకీ ఒప్పుకున్నట్టే. మూడేళ్ల గడువు ఆ సంతకం తేదీ నుంచి మళ్లీ మొదలవుతుంది. అయితే పాత గడువు ముగిసేలోపే ఆ సంతకం పడాలి.

జవాబు రాకపోతే సమాచార హక్కు కింద అడగండి. స్టాక్ రిజిస్టర్‌లో మీ సరుకు నమోదైన పేజీ, బిల్లు రిజిస్టర్ నకలు, ఆడిట్ అభ్యంతరం ఏమైనా ఉంటే దాని ప్రతి కోరండి. 30 రోజుల్లో సమాధానం ఇవ్వాలి. సరుకు అందిందన్న నమోదు దొరికితే, ‘మాకు ముట్టలేదు’ అనే వాదన నిలవదు.

కొత్త కమిషనర్ గారి మాటకు చట్టంలో చోటు లేదు. కొన్నది ఆయనా కాదు, ఆయనకు ముందున్నవారూ కాదు, పురపాలక సంఘం. పురపాలక కౌన్సిల్ తీర్మానం లేదని రేపు మెలిక పెట్టినా, ఉచితంగా ఇవ్వని సరుకును వాడుకున్నవారు పరిహారం చెల్లించాలని 1872 నాటి కాంట్రాక్టు చట్టం 70వ సెక్షన్ చెబుతోంది.

ఇక అసలు దారి. మీకు ఉద్యమ్ రిజిస్ట్రేషన్ సరఫరాకు ముందే ఉంది కాబట్టి 2006 నాటి సూక్ష్మ, చిన్న, మధ్యతరహా సంస్థల చట్టం మీకు గట్టి అండ. ఒప్పందంలో ఏం రాసుకున్నా చెల్లింపు గడువు 45 రోజులు దాటకూడదు. దాటితే రిజర్వు బ్యాంకు ప్రకటించే బ్యాంకు రేటుకు మూడు రెట్లు, నెలనెలా చక్రవడ్డీతో కట్టాలి. బ్యాంకు రేటు 6 శాతమైతే వడ్డీ 18 శాతం. మీ యూనిట్ ఉన్న ప్రాంతంలో చిన్న సంస్థల బాకీ తగాదాలు తేల్చే ప్రభుత్వ మండలి అయిన ఫెసిలిటేషన్ కౌన్సిల్‌కు ఆన్‌లైన్‌లో దరఖాస్తు చేయండి. ముందు రాజీకి ప్రయత్నిస్తారు, కుదరకపోతే మధ్యవర్తిత్వ తీర్పు ఇస్తారు. చట్టం 90 రోజులు అంటుంది గానీ, ఎక్కువే పడుతుందని సిద్ధపడండి. తీర్పును రద్దు చేయమని పురపాలక సంఘం కోర్టుకు వెళ్లాలంటే ముందు అందులో 75 శాతం డిపాజిట్ చేయాలి. అందుకే సివిల్ దావా కన్నా ఇదే మేలంటాను. కొని అమ్మే వ్యాపారులకు మాత్రం ఈ సౌలభ్యం లేదు. వారు లాయరు ద్వారా నోటీసు ఇచ్చి దావాకు వెళ్లాలి.

బిల్లు మంజూరై, వివాదం లేకుండా కేవలం చెల్లింపు ఆగితే, చెల్లించేలా ఆదేశించమని హైకోర్టులో రిట్ పిటిషన్ వేయవచ్చు. సరుకు నాణ్యత మీద తగాదా ఉంటే మాత్రం సాధారణంగా సివిల్ కోర్టుకే వెళ్లమంటారు.

మీవారి భయం నాకు అర్థమైంది. కానీ పాత బిల్లు ఇవ్వని చోట కొత్త ఆర్డరు వస్తే అది ఇంకో బాకీ అవుతుంది. దాని మీదా జీఎస్టీ కట్టేది మీరే. లేఖ ఈ వారమే ఇవ్వండి. నెల రోజుల్లో సంతకం రాకపోతే ఆలస్యం చేయకుండా ఫెసిలిటేషన్ కౌన్సిల్‌లో దరఖాస్తు వేయండి.