ద్వారబంధం తొలిచే గండుచీమల గూడు రాత్రిపూట ఎలా కనిపెట్టాలి?

తిరుపతిలో మీ పాత ఇంటి ద్వారబంధం కింద రోజూ రంపపు పొట్టు రాలుతోందని, పగలు ఒక్క పురుగూ కనబడదని అడిగారు. ముందు ఆ పొట్టును అరచేతిలో వేసుకుని చూడండి. చెక్క పీచుతో పాటు చీమల కాళ్లు, తలల ముక్కలు కలిసి ఉంటే గండుచీమల పనే. చెదలైతే మట్టి గొట్టాలు కడతాయి, చెక్కను తింటాయి. గండుచీమలు తినవు, గూటి కోసం తొలిచి పొట్టు బయటికి తోసేస్తాయి.

ఇవి ఎక్కువగా చీకటి పడ్డాకే మేతకు బయల్దేరతాయి. రాత్రి 9 దాటాక చక్కెర నీళ్లలో తడిపిన దూదిని గోడ పక్కన పెట్టండి. టార్చికి వెలుగు సాగే పల్చటి ఎర్ర సెల్లోఫేన్ కాగితం చుట్టండి. ఎర్రటి వెలుగు వాటికి సరిగా ఆనదు, బెదరవు. కడుపు నిండి పొట్ట మెరుస్తూ ఉబ్బిన చీమ తిరుగు దారి పడుతుంది. దాని వెనకే వెళ్లండి, మేతకు వచ్చేవాటిని వదిలేయండి. అసలు కిటుకు ఇదే. ఒక్క రాత్రిలో తేలకపోతే టెన్షన్ పడకండి, రెండు మూడు రాత్రులు చూడండి.

చాలాసార్లు ఆ దారి పెరట్లోని పుచ్చిన మామిడి మొద్దు దగ్గరికో, మన అక్టోబరు-డిసెంబరు వానలకు నానిన కిటికీ చెక్క దగ్గరికో తీసుకెళ్తుంది.

దయచేసి కనబడగానే స్ప్రే కొట్టకండి. బయట తిరిగేవి చస్తాయి, రాణి గూట్లో క్షేమంగా ఉంటుంది, పైగా మీకు దారి చూపే చీమలే మిగలవు.