ముందు సెట్ గీయనివ్వండి, సినిమా తర్వాత తీయవచ్చు

ప్రశ్న: మా అమ్మాయి బి.ఆర్క్. (ఆర్కిటెక్చర్ డిగ్రీ) నాలుగో సంవత్సరం చదువుతోంది. సినిమాలకు ప్రొడక్షన్ డిజైనర్‌గా పనిచేసి, తర్వాత సొంతంగా చిన్న సినిమాలు నిర్మిస్తానంటోంది. ఎకరం పొలం అమ్మి ఆమెకు పెట్టుబడి ఇవ్వమంటారా? - ఒక తండ్రి, తెనాలి

జవాబు: పొలం అమ్మకండి. మీ అమ్మాయి ముందుగా నేర్చుకోవలసిన పనికి పెట్టుబడితో అవసరం లేదు. ఆమె చదువుతున్న చదువే అందుకు గట్టి పునాది.

కథ జరిగే లోకం తెర మీద ఎలా కనిపించాలో దర్శకుడితో, ఛాయాగ్రాహకుడితో కలిసి నిర్ణయించేది ప్రొడక్షన్ డిజైనర్. ఆ నిర్ణయాన్ని కొలతలుగా మార్చి, వడ్రంగుల చేత, పెయింటర్ల చేత సెట్ వేయించేది ఆర్ట్ డైరెక్టర్. చిన్న సినిమాల్లో ఈ రెండు పనులూ తరచుగా ఒకరే చూసుకుంటారు. 1985 నాటి గుమాస్తా ఇంటి వంటగది కావాలనుకోండి: కిరసనాయిలు స్టవ్వు వెనుక గోడకు ఎంతమేర మసి పట్టాలి, సున్నం ఎక్కడ పెచ్చులూడాలి, మేకుకు వేలాడే క్యాలెండర్‌లో ఏ నెల కనిపించాలి అన్నవన్నీ స్క్రిప్టు చదువుతూనే రాసుకోవాలి. ఆ గోడ ప్లైవుడ్‌దే కాబట్టి, కెమెరా వెనక్కి జరగవలసి వచ్చినప్పుడు ఊడదీయడానికి వీలుగా కట్టించాలి. తమిళ చిత్రం 'నాయకన్' (1987) కోసం ముంబయిలోని ధారావిని చెన్నై స్టూడియోలో నిలబెట్టిన తోట తరణి గారికి జాతీయ పురస్కారం దక్కింది.

డిగ్రీని మధ్యలో వదలవద్దని ఆమెకు గట్టిగా చెప్పండి. పుణెలోని సినిమా, టీవీ శిక్షణ సంస్థ ఎఫ్‌టీఐఐ నడిపే ఆర్ట్ డైరెక్షన్, ప్రొడక్షన్ డిజైన్ పీజీ కోర్సుకు ఆర్కిటెక్చర్ పట్టభద్రులు దరఖాస్తు చేసుకోవచ్చు. సినిమా నిర్మాణం వైపే మొగ్గు ఎక్కువైతే, కోల్‌కతాలోని సత్యజిత్ రే ఫిల్మ్ శిక్షణ సంస్థలో అందుకు ప్రత్యేకమైన కోర్సు ఉంది. ఫీజులు, పరీక్ష తేదీలు ఆ ఏటి ప్రకటనలోనే చూసుకోండి. తొలి ఏళ్లలో అసిస్టెంటుగా రాబడి నిలకడగా ఉండదు. ఒక సినిమాకూ మరోదానికీ మధ్య ఖాళీ నెలలు తప్పవు. అందువల్ల పారితోషికం, బేటా (రోజువారీ భత్యం), రాత్రి షూటింగులకు వాహనం వంటివన్నీ కాగితం మీద రాయించుకున్నాకే పనిలో చేరాలి.

స్వతంత్ర నిర్మాత కావడానికి ఈ అనుభవమే పెద్ద ఆస్తి అని నా నమ్మకం. ఆసుపత్రి, పోలీస్ స్టేషను, బడి అని స్క్రిప్టులో మూడు చోట్లు ఉంటే, ఒకే పాత భవనంలో గోడల రంగులు, బోర్డులు మార్చి మూడింటినీ చూపించగల మనిషికి ఖర్చు ఎక్కడ తగ్గుతుందో ఇంకెవరూ చెప్పనక్కరలేదు. 2018లో వచ్చిన 'కేరాఫ్ కంచరపాలెం' విశాఖలోని ఆ పేటలోనే, ఎక్కువగా అక్కడి మనుషులతోనే చిత్రీకరించిన సినిమా. నిర్మాత ప్రవీణ పరుచూరి గారు అమెరికాలో వైద్యురాలు, అంటే చేతిలో వేరే వృత్తి ఉన్నవారు. మీ అమ్మాయికి అలాంటి ఆధారం డిజైనర్ వృత్తే కావాలి. అది కుదిరాక హక్కుల ఒప్పందాలు, సెన్సార్ ధ్రువపత్రం, పంపిణీ నేర్చుకోవచ్చు. గోవాలో జాతీయ చలనచిత్ర అభివృద్ధి సంస్థ (ఎన్‌ఎఫ్‌డీసీ) 2007 నుంచి నిర్వహిస్తున్న సినిమా ప్రాజెక్టుల సంత ఫిల్మ్ బజార్‌కు (ఇప్పుడు వేవ్స్ ఫిల్మ్ బజార్) తన ప్రాజెక్టును పంపి, సహనిర్మాతలను వెతుక్కోవచ్చు.

ఈ సెలవుల్లో ఆమెకు ఒక పని అప్పగించండి. మీ ఇంట్లో అందరికీ నచ్చిన కథ ఒకటి తీసుకుని, అందులోని ప్రతి చోటుకూ బొమ్మ గీసి, కావలసిన ప్రతి వస్తువు ధరనూ తెనాలి బజారులో తిరిగి తెలుసుకుని పట్టిక రాయమనండి. ఆ పట్టికను ఆమెతో కలిసి కూర్చుని మీరు కూడా చదవండి.