చిక్కు విడటం వేరు, అల్లిక ఊడటం వేరు

ప్రశ్న: మాది నరసాపురం దగ్గర ఒక పల్లె. పదో తరగతి వరకు తెలుగు మాధ్యమంలో చదివి, తర్వాత బీకాం పూర్తి చేశాను. ఏడాదిగా ఇంటి దగ్గరే ఉండి కేంద్ర ప్రభుత్వ ఉద్యోగాల కోసం జరిగే ఎస్‌ఎస్‌సీ సీజీఎల్ పరీక్షకూ, బ్యాంకు పరీక్షలకూ సిద్ధమవుతున్నాను. లెక్కలు, రీజనింగ్ ఫర్వాలేదు కానీ ఇంగ్లిష్‌లో మార్కులు పోతున్నాయి. 'అన్‌రావెల్' అంటే 'చిక్కు తీయు, విప్పు' అని నోట్సులో రాసుకున్నాను. మొన్న మాక్ టెస్టులో రెండు దేశాల మధ్య శాంతి ఒప్పందం 'అన్‌రావెల్' కావడం మొదలైందన్న వాక్యం వచ్చింది. చిక్కులు తొలగిపోయాయని అర్థం చేసుకుని జవాబు పెడితే తప్పయింది. ఒప్పందం కుప్పకూలసాగిందన్నది సరైన జవాబట. ఒకే పదానికి ఇలా ఎదురెదురు అర్థాలుంటే ఎలా గుర్తుపెట్టుకోవాలి? మూడు వేల పదాల పుస్తకం కొని కంఠస్థం చేయమని స్నేహితులు అంటున్నారు. అమ్మ లేసు అల్లి తెచ్చే డబ్బుతో చదువుతున్నాను కాబట్టి అడిగి కొనాలనుకున్నాను. ఇంకొక్కటి: 'అన్‌డన్' అంటే ఒక చోట 'చేయనిది' అనీ, మరో చోట 'నాశనమైనది' అనీ ఉంది. ఏది సరైనది?

జవాబు: మీరు నోట్సులో రాసుకున్న అర్థం తప్పు కాదు. దాన్ని ఒంటరిగా రాసుకోవడమే ఇబ్బంది తెచ్చింది. విప్పడం అనే పనికి సొంతంగా మంచిచెడులు ఉండవు. ఏది విడిపోతోందన్న దాన్ని బట్టే అది మేలో కీడో తేలుతుంది. ఈ సంగతి చెప్పడానికి నేను వెతుక్కోవలసిన ఉదాహరణ మీ ఇంట్లోనే ఉంది.

మీ అమ్మగారు లేసు అల్లేటప్పుడు దారపు ఉండ చిక్కుపడితే ఏం చేస్తారో గమనించండి. కొస దొరికే వరకు ఓపికగా వెతికి, ఒక్కో మెలిక సడలించి, దారాన్ని మళ్లీ పనికి వచ్చేలా చేస్తారు. అదే అల్లిక సగంలో ఉండగా కింది వరుసలో లెక్క తప్పిందని తెలిస్తే క్రోషియా సూది తీసేసి, దారపు కొస పట్టుకుని లాగుతారు. గంటల తరబడి అల్లిన వరుసలు ఒకదాని వెంట ఒకటి ఊడి వట్టి దారంగా మిగులుతాయి. మగ్గం మీద నేసిన బట్ట ఇలా ఊడదు, అంచున పోగులు లేస్తుంది, అంతే. క్రోషియా అల్లిక మాత్రం ఒకే దారంతో కొక్కెంలో కొక్కెం వేసి కట్టినది కనుక, చివర ముడి వేయకుండా వదిలేస్తే ఎవరూ లాగకపోయినా తనంతట తానే విడిపోతుంది. మొదటి పనిని మనం చిక్కు తీయడం అంటాం, రెండో పనిని అల్లిక ఊడదీయడం అంటాం, మూడోదాన్ని ఊడిపోవడం అంటాం. తెలుగులో మూడు మాటలున్న ఈ మూడు పనులకూ ఇంగ్లిష్ వారు 'అన్‌రావెల్' అనే ఒక్క మాటనే వాడతారు. పెనవేసుకున్న పోగులు విడివడటం అన్నదే దాని అసలు అర్థం.

కాబట్టి ఆ పదం వాక్యంలో కనిపించగానే వేసుకోవలసిన ప్రశ్న ఒక్కటే: విడిపోతున్నది చిక్కుపడినదా, అల్లినదా? రహస్యం, నేరం వెనుక ఉన్న కథ, అర్థం కాని లిపి, ప్రకృతిలోని ఒక పజిల్ — ఇవన్నీ చిక్కుపడిన ఉండలు. 1837లో జేమ్స్ ప్రిన్సెప్ అశోకుడి శాసనాల్లోని బ్రాహ్మీ లిపిని చదవగలిగినప్పుడు, 1953లో వాట్సన్, క్రిక్ డీఎన్‌ఏ నిర్మాణాన్ని వెల్లడించినప్పుడు జరిగింది చిక్కు తీయడం. మన పత్రికలు హత్య కేసు తేలినప్పుడు 'వీడిన మిస్టరీ' అని శీర్షిక పెట్టేది కూడా ఈ అర్థంలోనే. పొడుపు కథకు జవాబు చెప్పడాన్ని విప్పడం అనడంలోనూ ఉన్నది ఇదే ఊహ. అందుకే తెలుగు విద్యార్థికి ఈ అర్థం సులభంగా పట్టుబడుతుంది, పట్టుబడిన వెంటనే అదొక్కటే అర్థమన్న భ్రమ కూడా కలుగుతుంది.

ఒప్పందం, కూటమి, ప్రణాళిక, వివాహ బంధం, ఏళ్ల తరబడి కూడగట్టుకున్న పేరు — ఇవి అల్లికలు. ఎవరో కూర్చుని, వరుస మీద వరుసగా కట్టినవి. వీటికి 'అన్‌రావెల్' తగిలిందంటే నష్టం జరుగుతోందనే అర్థం. 1991 డిసెంబరులో సోవియట్ యూనియన్ ముగిసిపోవడానికి ముందు ఒక్కో గణతంత్రం విడిపోతూ వచ్చిన క్రమాన్ని ఈ క్రియతో వర్ణిస్తే, అక్కడి చిక్కులు పరిష్కారమయ్యాయని ఎవరూ అనుకోరు. మీ మాక్ టెస్టులోని శాంతి ఒప్పందం కూడా ఈ కోవలోదే. 'కుప్పకూలడం' అన్న జవాబు సరైనదే కానీ, ఇంగ్లిష్ మాటలో ఉన్న ఒక ఛాయ దానిలో లేదు: గోడ కూలినట్టు ఒక్కసారిగా కాకుండా, ఒక చోట మొదలై క్రమంగా పాకుతూ పోయే విచ్ఛిన్నం అది. వాక్యంలో 'మొదలైంది' అన్న మాట ఉండటం మీకు అందిన ఆధారం. చిక్కు తీసే పనికి కూడా మొదలు ఉంటుంది కనుక అదొక్కటే చాలదు, కానీ ఒప్పందం పక్కన అది కనిపిస్తే అనుమానించవలసిందే.

ఈ రెండు గుంపుల మధ్య నిలిచే మాటలు కొన్ని ఉన్నాయి, పరీక్ష తయారు చేసేవారికి అవంటే ఇష్టం. మోసం అలాంటిది. 2009 జనవరి 7న సత్యం కంప్యూటర్స్ వ్యవస్థాపకుడు ఖాతాల్లో అంకెలు పెంచి చూపినట్టు లేఖ రాసి ఒప్పుకున్న ఉదంతాన్ని తీసుకోండి. దర్యాప్తు అధికారులు ఆ మోసాన్ని 'అన్‌రావెల్' చేశారంటే చిక్కు విప్పారని అర్థం. మోసమే 'అన్‌రావెల్' అయిందంటే అబద్ధం మీద అబద్ధం పేర్చి అల్లినది ఇక నిలవలేక ఊడిపోయిందని అర్థం; మన మాటల్లో బండారం బయటపడింది, గుట్టు రట్టయింది. పైనుంచి చూస్తే రెండు వాక్యాలూ ఒకే సంఘటనను చెబుతున్నాయి కానీ, మొదటి వాక్యంలో ఒకరి నేర్పు ఉంది, రెండోదానిలో మరొకరి పతనం ఉంది.

ఇక్కడ వ్యాకరణం కొంత తోడ్పడుతుంది. క్రియకు కర్మ ఉంటే, అంటే ఎవరో దేన్నో 'అన్‌రావెల్' చేస్తే, చిక్కు తీయడం అయ్యే అవకాశం ఎక్కువ. కర్మ లేకుండా వస్తే దాదాపు ఎప్పుడూ చెదిరిపోవడమే. కొన్ని కోచింగ్ నోట్సుల్లో ఇంతవరకే రాసి సూత్రంగా ఇస్తుంటారు. నేను మాత్రం దాని మీద పూర్తిగా ఆధారపడవద్దంటాను. ఒక్క తప్పుడు నిర్ణయం పదేళ్ల కృషిని 'అన్‌రావెల్' చేసిందన్న వాక్యంలో కర్మ ఉంది, అయినా జరిగింది నష్టమే, ఎందుకంటే కృషి అల్లిక. రహస్యం నెమ్మదిగా 'అన్‌రావెల్' అయిందన్న వాక్యంలో కర్మ లేదు, అయినా జరిగింది చిక్కు వీడటమే. కర్మ ఉందా లేదా అని చూడటం రెండో మెట్టు. చిక్కా, అల్లికా అని అడగడమే మొదటి మెట్టు.

ఈ పదం ఇలా రెండు వైపులా నడవడానికి దాని పుట్టుకే కారణమని చెప్పవచ్చు. 'రావెల్' అనే మూల క్రియ డచ్ భాష నుంచి ఇంగ్లిష్‌లోకి వచ్చింది. దానికి చిక్కుపడటం, చిక్కు విడటం, పోగులు లేవడం అన్న అర్థాలన్నీ ఉన్నాయి. షేక్‌స్పియర్ 'మాక్‌బెత్' నాటకం రెండో అంకంలో, చింతలతో 'రావెల్' అయిపోయిన దాన్ని నిద్ర తిరిగి అల్లుతుందన్న మాట వస్తుంది. అక్కడ చెప్పినది చిక్కుపడిన పట్టు పోగుల గురించా, పోగులు లేచిన చొక్కా చేతి గురించా అని వ్యాఖ్యాతలు రెండు రకాలుగా చెబుతారు. అంతటి పంక్తికే తప్పని ఈ ఊగిసలాట మాక్ టెస్టులో మీకు ఎదురైతే చిన్నబుచ్చుకోవలసిన పని లేదు. 'రావెల్'కు ముందు 'అన్' చేర్చినా అర్థం తిరగబడకపోవడం మరో వింత. విడిపోవడం అన్న అర్థంలో రెండూ ఒకటే. 'అన్' వచ్చింది కాబట్టి వ్యతిరేకం అని లెక్కగట్టే అలవాటు ఇక్కడ దెబ్బతీస్తుంది.

ఇక పుస్తకం సంగతి. కొనవద్దు. మీ అమ్మగారి కష్టార్జితం కాబట్టి ఆదా చేయమని చెప్పడం లేదు. ఉచితంగా ఇచ్చినా ఇదే మాట చెబుతాను. అలాంటి పట్టికల్లో ఒక్కో పదానికి ఎదురుగా ఒకటి రెండు తెలుగు మాటలు ఉంటాయి, మీరు ఇప్పటికే రాసుకున్న నోట్సు కూడా అలాంటిదే. అది మిమ్మల్ని ఎక్కడ వదిలేసిందో చూశారు. 2022 నుంచి అమలైన పద్ధతిలో సీజీఎల్ రెండో దశలో ఇంగ్లిష్‌కు 45 ప్రశ్నలు, ఒక్కోదానికి 3 మార్కులు, తప్పు జవాబుకు 1 మార్కు కోత ఉన్నాయి. (దరఖాస్తు చేసే ముందు ఆ ఏటి నోటిఫికేషన్‌ను ఒకసారి సరిచూసుకోండి.) అంటే తెలిసిందనుకుని తప్పు పెట్టిన పదానికీ, సరిగ్గా పెట్టిన పదానికీ మధ్య తేడా 4 మార్కులు. తెలియని పదాన్ని వదిలేస్తే కోత ఉండదు. సగం తెలిసిన పదమే ఎక్కువ ఖరీదైనది, మూడు వేల పదాల కంఠస్థం తయారు చేసేది ఎక్కువగా అలాంటి వాటినే.

దానికి బదులు రోజుకు అయిదు పదాలు చాలు. ప్రతి పదానికీ విద్యార్థుల కోసం తయారైన ఇంగ్లిష్–ఇంగ్లిష్ నిఘంటువు తెరిచి, అర్థం కన్నా ముందు అక్కడిచ్చిన ఉదాహరణ వాక్యాలు చదవండి; ఇవి ఫోన్‌లోనే ఉచితంగా దొరుకుతాయి. నోట్సులో పదం ఒక్కదాన్నే రాయకుండా, దానితో కలిసి వచ్చే నామవాచకాన్ని కూడా రాయండి: మిస్టరీతో ఒకటి, ఒప్పందంతో ఒకటి, స్వెటర్‌తో ఒకటి. ఎదురుగా తెలుగు రాసేటప్పుడు 'విప్పు' అని ఊరుకోకుండా, ఆ వాక్యాన్ని మీ ఇంట్లో ఎలా అంటారో అలా రాయండి — 'మిస్టరీ వీడింది', 'పొత్తు చెడింది', 'అల్లిక ఊడింది'. పది వరకు తెలుగులో చదివినందువల్ల వెనకబడ్డానన్న భావం మీ ఉత్తరంలో పైకి అనకపోయినా కనిపిస్తోంది. నా అనుభవంలో ఈ పనిలో మాత్రం తెలుగు బాగా వచ్చిన వారే ముందుంటారు, ఎందుకంటే ఇంగ్లిష్‌లో ఒకే పదం కప్పేసిన తేడాలను చూపడానికి వారి దగ్గర వేర్వేరు మాటలు సిద్ధంగా ఉంటాయి.

దీని చుట్టుపక్కల ఉన్న పదాలను కూడా ఇదే ఊపులో చూసుకోండి. 'డిసెంటాంగిల్' చిక్కు తీయడానికే వస్తుంది, దానితో బెంగ లేదు. 'అన్‌పిక్' కుట్టు విప్పడం. 'డిస్మాంటిల్' అంటే తెలిసి, పనిగట్టుకుని భాగాలుగా ఊడదీయడం; అది తనంతట తాను జరగదు, 'అన్‌రావెల్'కూ దానికీ తేడా అక్కడే. 'అన్‌వైండ్' చుట్టినదాన్ని విప్పడం, మనుషుల విషయంలో సేదతీరడం, మార్కెట్ వార్తల్లో తీసుకున్న పొజిషన్లను, అంటే లాభం కోసం చేసి ఉంచిన కొనుగోళ్లు, అమ్మకాలను, వదులుకోవడం. బ్యాంకు ఇంటర్వ్యూకు వెళ్లే ముందు ఈ మూడోది తెలిసి ఉండటం మంచిది. స్పెల్లింగ్ ప్రశ్నల కోసం ఒక మాట: 'అన్‌రావెల్'కు 'ఈడీ' చేర్చినప్పుడు బ్రిటిష్ పద్ధతిలో రెండు 'ఎల్'లు, అమెరికన్ పద్ధతిలో ఒకటే.

చదవడానికి పనికొచ్చే ప్రతి పదమూ రాయడానికి పనికిరాదు. సొంత మాటల్లో రాయవలసిన ప్రశ్నలుండే బ్యాంకు పీవో (ప్రొబేషనరీ ఆఫీసర్) పరీక్షల్లో ఖాతాదారుడి సమస్యను 'అన్‌రావెల్' చేస్తానని రాస్తే అది డిటెక్టివ్ కథలా వినిపిస్తుంది. అక్కడ 'రిజాల్వ్' సరిపోతుంది.

చివరగా 'అన్‌డన్'. మీరు చూసిన రెండు అర్థాలూ సరైనవే, ఎందుకంటే ఇంగ్లిష్‌లో 'అన్' రెండు రకాలు. విశేషణం ముందు వచ్చే 'అన్' లేదని చెబుతుంది, 'అన్‌హ్యాపీ'లో లాగా. క్రియ ముందు వచ్చేది జరిగినదాన్ని వెనక్కి తిప్పుతుంది, 'అన్‌టై'లో లాగా. 'అన్‌లాకబుల్' అన్న మాటను తాళం వేయడానికి వీలుకానిదని, తాళం తీయడానికి వీలైనదని రెండు విధాలా చెప్పుకోగలగడం ఇందువల్లే. 'అన్‌డన్'లోనూ ఈ రెండూ ఉన్నాయి, ఏది ఎక్కడో దానికి ముందున్న క్రియ చెబుతుంది. 'లెఫ్ట్' గానీ 'రిమైన్' గానీ ఉంటే పని చేయకుండా మిగిలిపోయిందని అర్థం. 'వాజ్ అన్‌డన్ బై' అని ఉంటే, దాని వెనుక వచ్చేది ఆ మనిషి కొంప ముంచిన కారణం. 'అన్‌డూయింగ్' అన్న నామవాచకానికి పతనహేతువు అనే అర్థం వచ్చింది కూడా ఈ వాడుక నుంచే. 'కేమ్ అన్‌డన్' అని ఉంటే బొత్తామో, ముడో, చెప్పుల లేసో ఊడిందని అర్థం. ఈ మూడోది మీ నోట్సులో లేదు, చేర్చుకోండి.